వేరు దర్శన కందకం

మామిడ్వార్ దిగంబర్ సేట్ ముప్పై ఏళ్ళుగా సావర్‌లొద్దిలో విత్తనాలూ ఎరువులూ అమ్ముతున్నాడు. మనిషి దుకాణంలోకి వచ్చే తీరును బట్టే అతను ఎందుకొచ్చాడో చెప్పేయగలడు. మెట్టు మీదే నిలబడి ధర అడిగేవాడు పక్క దుకాణంలో కొంటాడు. వచ్చి బస్తా మీద కూర్చునేవాడు ఇక్కడ కొంటాడు. బురద చెప్పులతో లోపలికి వచ్చేవాడు కొనడానికి రాలేదు, కొట్లాటకు వచ్చాడు.

ఆగస్టు మొదటి వారం, తొమ్మిది రోజుల ముసురు కాస్త తెరిపిచ్చిన పూట, యెల్టి నర్సుబాయి చెప్పులతోనే లోపలికి వచ్చింది. మోకాళ్ళ దాకా నల్లరేగడి మట్టి. చేతిలో గుప్పెడు సోయా మొక్కలు, వేర్లతో సహా. వాటిని తెచ్చి సేట్ ముందున్న బల్ల మీద ధబీమని వేసింది.

"సూడు సేట్, నీ ఇత్తునం. మొలిచింది, మోకాలెత్తు పెరిగింది, ఇగ చాలనుకుని పండుకున్నది."

"పండుకున్నదా, పండబెట్టినవా?" అంటూ సేట్ కళ్ళద్దాలు సర్దుకున్నాడు.

"నేనెందుకు పండబెడ్త? నాలుగెకరాలు సేట్! నీ మాట మీద ఏసిన. ఈ ఇత్తునం మంచిదన్నది నువ్వేనా, మీ పక్కింటాయననా?"

సేట్ ఒక మొక్కను చేతిలోకి తీసుకున్నాడు. ఆకులు ఎండి ముడుచుకుపోయాయి.

"రాలినయా?"

"రాలలే. ఆరేసిన బట్టలోలె గట్లనే యేలాడుతున్నయ్."

"పొలం మొత్తమా, ఒక్కదిక్కేనా?"

"కట్ట పొంటి మొదలైంది. రోజుకో నాలుగు సాళ్ళు మీదికి ఎక్కుతున్నది."

నేలకు ఆనే చోట కాండం చుట్టూ చాక్లెట్ రంగు మచ్చ. అక్కడి నుంచి జానెడు పైకి పాకింది. సేట్ బొటనవేలి గోటితో కాండాన్ని నిలువునా చీల్చాడు. లోపల సొరంగం లేదు, పురుగు లేదు. వేరును రెండు వేళ్ళ మధ్య పెట్టి లాగితే పైతోలు తడిసిన కాగితంలా ఊడొచ్చి, లోపలి దారం ఒక్కటే మిగిలింది. వాసన చూశాడు. మూలన పడేసిన తడి గోనెసంచి వాసన.

"పురుగైతే కాండంల తొలుచుకుంట పోయిన తొవ్వ కనబడ్తది. ఎండకొచ్చే కుళ్ళైతే లోపల బొగ్గుపొడి చల్లినట్టు నల్లసుక్కలుంటయ్. రెండూ లేవు. ఇది నీళ్ళు నిలిచి ఏరు కుళ్ళింది బాయీ. ఏరుకెళ్ళి కాండానికి ఎక్కింది. ఇత్తునం తప్పు కాదు."

"ఎవని ఇత్తునం వానికి ముద్దే. మందియ్యి."

సేట్ వెనక్కి తిరిగి అలమారు వైపు చూశాడు. మందు ఉంది. ఇస్తే ఇప్పుడే గిరాకీ. కానీ నీళ్ళు నిలిచిన చేనులో మందు పోస్తే చేను చస్తుంది. చేను చస్తే నర్సుబాయి వచ్చే జూన్‌లో ఈ మెట్టెక్కదు. ఆమె ఎక్కకపోతే ఆమె వాడకట్టు ఎక్కదు. ఒక్క డబ్బా మందుకూ ఒక వాడకట్టుకూ ఏది బరువో చూడడానికి తక్కెడ అక్కర్లేదు.

"నీళ్ళల్ల మందు పోస్తే నీ సోయాకు కాదు, కట్టకు నయమైతది. ముందుగాల నీళ్ళు తియ్యి. నీళ్ళు పోయినంక సచ్చిన మొక్కలు పీకి దూరం పడెయ్యి, సుట్టుపక్కల మొదళ్ళకు మందు పోద్దాం. మళ్ళ ఏడాది ఇత్తునానికి మందు పట్టిచ్చి, బోదెలు ఎత్తుగ పోసి వాటి మీద వెయ్యి. అసలు ఆ చేన్ల సోయా ఎన్నేండ్లసంది?"

"ఇది నాలుగోది."

"ఒకసారన్న జొన్న మార్చుమని చెప్పిన కదా!"

"జొన్న పిట్టలు తింటయని చెప్పింది కూడ నువ్వే."

అది నిజమే కాబట్టి సేట్ మాట మార్చాడు. "ఇప్పుడు నీళ్ళు తియ్యి."

"యాడికెళ్ళి తియ్యాలె? కట్ట ఉన్నది కదా!"

ఆ కట్ట సంగతి చెప్పాలి. రెండేళ్ళ కింద పంట ఆరోగ్య శాఖకు నీటి మీద ప్రేమ పుట్టింది. 'చుక్క జారని గ్రామం' అని ఒక పథకం వచ్చింది. పొలంలో పడ్డ చుక్క పొలం దాటకూడదు. ప్రతి చేను దిగువనా నడుమెత్తు మట్టికట్ట పోశారు. నర్సుబాయి చేను వాలు మీద ఉంది, దాని కింద ఒర్రె ఉంది, తాతల నాటి నుంచి వాననీళ్ళు ఆ ఒర్రెలోకే పోతున్నాయి. ఆ సంగతి పటంలో లేదు. పటంలో ఎన్ని కట్టలు పోయాలన్న లెక్క మాత్రం ఉంది. కట్ట మీద బోర్డు పెట్టారు: 'ఈ కట్టను తాకరాదు. తాకినచో చర్య తీసుకొనబడును.' రెండేళ్ళు వానలు సరిగా లేవు గనుక కట్ట కట్టలాగే కూర్చుంది. ఈ ఏడు వాన వచ్చింది. చుక్క జారలేదు.

"మొన్న పారవట్టుకుని పోతే పంచాయితీ కార్యదర్శి ఉరికొచ్చిండు. జేల్ల పెట్టిస్త అన్నడు," అంది నర్సుబాయి.

"అయితే పద. ఆఫీసుకు పోదాం."

"చెప్పులు తోముకొస్త ఆగు."

"అవసరం లేదు. అక్కడికి కూడ కొట్లాటకే పోతున్నం."

మండల పంట ఆరోగ్య అధికారి విద్యాధర్ గారు మంచి మనిషి. ఎవరి మీదా అరవడు. తన వైపు నుంచి ఒక్క మాటా అనడు, అన్నీ నిబంధనలే అంటాయి. నర్సుబాయి మొక్కలను ఆయన బల్ల మీద పెట్టబోతే రెండు చేతులూ అడ్డం పెట్టాడు.

"క్షమించాలి. ఇవి మొక్కలు కావు."

నర్సుబాయి చేతిలోకి చూసుకుంది. "మరేంది సార్?"

"నిబంధన పద్నాలుగు ప్రకారం, భూమిని వీడిన మొక్క పంటగా పరిగణింపబడదు. మీ చేతిలోనిది వృక్షావశేషము. దీనికి రోగము ఉండుటకు వీలు లేదు."

ఆ నిబంధన పుట్టుకకు కారణం ఉంది. కిందటేడు ఎక్కడో ఒక పెద్దమనిషి ఒకే మోపు ఎండిన మొక్కలను ఏడు కార్యాలయాల్లో చూపించి ఏడు ధ్రువపత్రాలు తీసుకున్నాడట. ఆ మనిషి దొరకలేదు. దొరకనివాణ్ణి శిక్షించడం కష్టం గనుక శాఖ మొక్కలను శిక్షించింది. అప్పటి నుంచి ఏ రోగమైనా మొక్క భూమిలో ఉండగానే, ఉన్నచోట ఉన్నట్టే చూసి నిర్ధారించాలి.

"రోగం ఏర్లల్ల ఉన్నది సార్," అన్నాడు సేట్. "పీకకుంట ఏరెట్ల కనబడ్తది?"

విద్యాధర్ గారు కాసేపు ఆలోచించాడు. "అది సాంకేతిక అంశము. నిబంధన దానికి అడ్డు చెప్పుట లేదు. పీకరాదని మాత్రమే చెప్పుచున్నది."

"పోనీ సార్, కట్టకు జెర గండి కొట్టుకోనియ్యుండ్రి. నీళ్ళు పోతయ్, పంట బతుకుతది."

"నీటి వలన రోగము సోకినదని ధ్రువీకరణ ఉన్నచో కట్ట విషయము పరిశీలింపబడును. అది లేనిచో కట్ట ముట్టరాదు."

"ధ్రువీకరణ కాకపోతే?"

విద్యాధర్ గారు అలమారు తీసి, ఒక దస్త్రం తీసి, పుట తిప్పి, సంతోషంగా చదివాడు. జవాబు ఉన్న ప్రశ్న అడిగితే ఆయనకు ఎప్పుడూ సంతోషమే. "రోగము నిర్ధారణ కాక, పంట ఎండిపోయినచో, కారణము విత్తన లోపమని భావించవలెను. విత్తనము విక్రయించిన దుకాణమునకు తాళము వేయవలెను."

అంతవరకూ సేట్ తాను నర్సుబాయికి తోడు వచ్చాననుకుంటున్నాడు. ఇప్పుడు నర్సుబాయే తనకు తోడు వచ్చినట్టయింది.

"ఎన్ని రోజుల్ల సార్?"

"ఇరువది ఒక్క దినములు. మీరు కంగారు పడవద్దు. రేపే క్షేత్ర పరిశీలనకు వచ్చెదను."

బయటికి వచ్చాక నర్సుబాయి అంది, "ఇప్పుడు నీ ముఖంల జెర రక్తం లేకుంటయ్యింది సేట్. ఇంతసేపు నా ఒక్కదానిదే పంట, ఇప్పుడు ఇద్దరిదీ అయింది."

"నడువ్," అన్నాడు సేట్.

మరునాడు విద్యాధర్ గారు గొడుగుతో, రబ్బరు బూట్లతో, కొత్త ఫోనుతో వచ్చాడు. ఫోనులో శాఖ వారి యాప్ ఉంది. పంటను ఫొటో తీస్తే రోగం పేరు చెబుతుంది. ఆయన చేను ముందు నిలబడి తీశాడు. ఫోను కాసేపు గిర్రున తిరిగింది.

"తొంబది రెండు శాతము ఆరోగ్యకరమైన పంట," అని చదివాడు.

సేట్ ఫోనులోకి తొంగి చూశాడు. "అది నర్సుబాయి చీర సార్."

నర్సుబాయి ఆ రోజు చిలకాకుపచ్చ చీర కట్టుకుంది. ఆమె పక్కకు జరిగింది. మళ్ళీ తీశారు. ఈసారి చేను ఒక్కటే పడింది. యాప్ చాలాసేపు ఆలోచించి, 'ఇది పంట కాదు. మళ్ళీ ప్రయత్నించండి' అంది.

"నా చీరకున్న ఆరోగ్యం నా చేనుకు లేదు," అంది నర్సుబాయి.

యంత్రం చేతులెత్తేసింది గనుక విద్యాధర్ గారు స్వయంగా పూనుకున్నాడు. గొడుగు సేట్ చేతికిచ్చి, వంగి, ఒక ఎండిన మొక్క మొదట్లోకి చూశాడు. మట్టి కనిపించింది. జేబులోంచి చిన్న అద్దం తీసి మొక్క పక్కన పెట్టి చూశాడు. అద్దంలో ఆయన మీసం కనిపించింది. చివరికి జీపులోంచి టీ చెంచా తెప్పించి, మొక్క కదలకుండా, దాని పక్కన అతి జాగ్రత్తగా గుంట తీశాడు. చెంచా ఒకసారి పైకి వచ్చేలోపు గుంట నిండా నీళ్ళు.

ఆయన లేచి, నడుము పట్టుకుని, కాగితం మీద రాశాడు. రాస్తూ చదివాడు. "నీరు అడ్డముగా ఉన్నందున వేరు కనబడలేదు. నీరు తగ్గిన పిమ్మట నీటి వలన రోగము కలిగినదా లేదా అని తిరిగి పరిశీలించవలెను."

"నీళ్ళు తగ్గాలంటే కట్ట తియ్యాలె సార్," అన్నాడు సేట్.

"కట్ట తీయుటకు ధ్రువీకరణ కావలెను."

"ధ్రువీకరణకు ఏరు చూడాలె."

"వేరు చూచుటకు నీరు తగ్గవలెను," అని విద్యాధర్ గారు ముగించాడు. ముగ్గురూ కలిసి ఒక మాట మీదికి వచ్చినందుకు ఆయనకు తృప్తి కలిగింది.

"సార్, ఈ ఎండిన సాళ్ళను ఏమని రాసిండ్రు?" అని నర్సుబాయి అడిగింది.

"నిర్ధారణ అయ్యే వరకు మరణించినవని రాయరాదు. 'విశ్రాంతి స్థితి' అని రాసితిని."

జీపు వెళ్ళిపోయింది. నర్సుబాయి గట్టు మీద చతికిలబడింది. నీళ్ళు కట్టకు ఆనుకుని తళతళమంటున్నాయి. కట్టకు అవతల ఒర్రె సగం ఖాళీగా పారుతోంది. మధ్యలో నాలుగడుగుల మట్టి.

"నాలుగు రోజులైతే సగం చేను విశ్రాంతి తీసుకుంటది సేట్," అంది. ఆమె గొంతులో ఎకసెక్కెం లేదు. "పిల్లకు నర్సింగుల సీటు అచ్చింది. చేన్ల పంట సూసే చేరుస్తనని మాటిచ్చిన."

సేట్ కూడా కూర్చున్నాడు. ముప్పై ఏళ్ళలో ఆయన ఎన్నో రకాల మనుషులకు ఎన్నో రకాల సరుకు అమ్మాడు. అవసరమైనదని చెబితే కొననివాడు, కొత్తదని చెబితే కొంటాడు. నీళ్ళు తీయాలంటే శాఖ వినదు, అది పాత మాట. వేరు చూడాలంటే వింటుంది, అది వాళ్ళ మాట. ఎదుటివాడి మాటనే సంచిలో పెట్టి, మూతి కుట్టి, పైన మంచి పేరు రాసి తిరిగి వాడికే అమ్మాలి.

ఆయన కట్ట వైపు, ఒర్రె వైపు, మళ్ళీ చేను వైపు చూశాడు.

"బాయీ, మీ ఇంట్ల పారలు ఎన్నున్నయ్?"

"మూడు. ఎందుకు?"

"ఇంకో నాలుగు అడుక్కరా. ఆఫీసోళ్ళే తవ్వుమంటరు, చూడు."

ఆ సాయంత్రమే సేట్ దుకాణంలో కూర్చుని దరఖాస్తు రాశాడు. జీవితంలో ఎన్ని దరఖాస్తులు రాశాడో గానీ, ఇంత ఒళ్ళు దగ్గర పెట్టుకుని ఏదీ రాయలేదు. అందులో 'నీళ్ళు' అన్న మాట ఒక్కచోట కూడా లేదు.

'మహాశయా! మొక్కను భూమి నుండి విడదీయకయే వేరును పరిశీలించుటకు మార్గము లేక శాఖ వారు పడుచున్న శ్రమను కన్నులారా గాంచి, వినయపూర్వకముగా సూచించునది ఏమనగా: చేను మధ్యగా రెండడుగుల లోతున ఒక కందకము తవ్వినచో, అధికారులు అందు నడచుచు, ఇరువైపులా మొక్కల వేళ్ళను, మొక్కలు ఉన్నచోట ఉన్నట్టుగానే, ప్రక్క నుండి దర్శించవచ్చును. దీనికి "వేరు దర్శన కందకము" అని నామకరణము చేయవచ్చును. ఇట్టిది దేశములో మొదటిది కాగలదు.'

చివరి వాక్యం రాశాక సేట్ కలం కింద పెట్టాడు. అమ్ముడుపోయింది.

విద్యాధర్ గారు దరఖాస్తు మూడుసార్లు చదివాడు. మూడోసారి చదివేటప్పుడు లేచి నిలబడ్డాడు.

"ఇది... ఇది నిబంధన పద్నాలుగుకు సంపూర్ణముగా అనుగుణము!"

"మీ నిబంధనకెళ్ళే పుట్టింది సార్."

"అయితే ఒక సందేహము. అధికారులు కందకములోనికి దిగుట ఎట్లు? పై నుండి దూకరాదు కదా."

ఈ ప్రశ్న కోసమే సేట్ రాత్రంతా కాచుకున్నాడు. "దూకుడేంది సార్! డిప్యూటీ డైరెక్టర్ మేడం లాంటోళ్ళు వస్తరు. కింది దిక్కు నుంచి, ఒర్రె తొవ్వ మీదికెళ్ళి తిన్నగ నడుచుకుంట రావాలె. ప్రవేశ ద్వారం పెడ్దాం."

"కింది వైపు కట్ట ఉన్నది."

"ఉన్నది."

"కట్టను కోయరాదు."

"కోసుడు కాదు సార్. ద్వారం."

విద్యాధర్ గారు దస్త్రం తెరిచాడు. కట్టను కోయరాదు, తవ్వరాదు, తొలగించరాదు, తగ్గించరాదు, పశువులను ఎక్కించరాదు అని ఉంది. ద్వారం పెట్టరాదని ఎక్కడా లేదు. రెండుసార్లు వెతికాడు. "నిషేధము లేదు," అన్నాడు మెల్లగా, ఏదో నిధి దొరికినట్టు.

ఎరువుల తూకం మీద ఫిర్యాదు ఇస్తే ఏడాది పట్టే కార్యాలయంలో ఈ అనుమతి రెండు రోజుల్లో వచ్చింది. ఎందుకంటే దీనికి ప్రారంభోత్సవం ఉంది. పైనుంచి జవాబు వస్తూ వస్తూ మేడం గారి పర్యటన తేదీ, పూలదండల సంఖ్య కూడా పట్టుకొచ్చింది. అనుమతి కాగితం చివర ఇంకో మాట ఉంది: ద్వారము వద్ద శిలాఫలకము ఏర్పాటు చేయవలెను.

ఆ వాక్యం కూడా సేట్ దరఖాస్తులోదే. రెండో పేజీలో, చిన్న అక్షరాలతో రాశాడు.

నర్సుబాయి వాడకట్టు మొత్తం దిగింది. ఏడు పారలు. కింది నుంచి మొదలుపెట్టమన్నాడు సేట్. ముందు ద్వారం, తర్వాత దర్శనం. కట్టలో రెండు గజాల వెడల్పు తెగేసరికి నీళ్ళు ఒక్కసారి ఆగి, దారి గుర్తుపట్టినట్టు కదిలి, నల్లమట్టి రంగు నురగతో ఒర్రెలోకి ఉరికాయి. నర్సుబాయి పార వదిలేసి పక్కన నిలబడి చూసింది. పాపం, ఎన్నాళ్ళ నుంచి ఆగిన నీళ్ళో. పంచాయితీ కార్యదర్శి పరుగెత్తుకొచ్చాడు. సేట్ అనుమతి కాగితం చూపించాడు. ఆయన చదివి, పార అడిగి తీసుకుని తానూ నాలుగు తట్టల మట్టి తీశాడు, ఫొటో కోసం.

రెండు రోజుల ఎండ తగిలింది. కందకం గోడల్లో సోయా వేళ్ళు నిజంగానే కనిపించసాగాయి. పైన ఎండిపోయిన సాళ్ళ వేళ్ళు నల్లగా, దారాలుగా. ఇంకా పచ్చగా ఉన్న సాళ్ళ వేళ్ళకు తెల్లటి కొత్త పీచు పుడుతోంది. సేట్ సుమారు ఎంత చేను మిగిలిందో చూశాడు. నాలుగింట మూడు వంతులు.

అప్పుడు ఆయనకు ఇంకో సంగతి తట్టింది.

"బాయీ, రేపు మేడం వచ్చి తెల్ల ఏర్లు చూసి రోగం లేదంటదనుకో. ఎండిన సాళ్ళు పక్కనే ఉన్నయ్. రోగం లేకుంట పంట ఎండితే తప్పు ఎవరిది?"

"ఇత్తునానిది," అంది నర్సుబాయి.

"నా దుకాణానికి తాళం."

"ఉన్నదంటే?"

"ఉన్నదంటే దానికి కమిటీ. కమిటీ వచ్చి చూసేదాంక ద్వారం మూసిపెట్టుమంటరు."

నర్సుబాయి చీర కొంగు నడుముకు దోపింది. "సేట్, నువ్వు ముప్పై ఏండ్లు దుకాణం నడిపినవ్ గని, ఒక్కరోజు ఆఫీసుల కూసోని నేర్చుకున్నది నేను. పీకిన మొక్క మొక్క కాదు కదా?"

"కాదు."

"మరి పీకితే సచ్చిన మొక్కలు ఉన్నట్టా, లేనట్టా?"

సేట్ ఆమె ముఖంలోకి చూశాడు. ఆమె దుకాణం పెట్టుకోకపోవడం తన అదృష్టం అనుకున్నాడు.

పొద్దు పొడిచేసరికి వాడకట్టు ఆడవాళ్ళంతా చేనులో ఉన్నారు. ఎండిన ప్రతి మొక్కనూ వేరుతో సహా పీకి, దూరంగా బీట్లో కుప్పపోసి తగలబెట్టారు. ఎలాగూ చేయవలసిన పనే అది. కుళ్ళిన మొక్క పక్కదానికి అంటిస్తుంది. సేట్ మొదటి రోజే చెప్పాడు, కానీ ఇంత సంబరంగా జరుగుతుందనుకోలేదు. మిగిలిన మొదళ్ళకు మందు పోశారు. అది ఆయన అలమారులోదే. ఇప్పుడు అమ్మినా తప్పు లేదు.

డిప్యూటీ డైరెక్టర్ మేడం పదకొండు గంటలకు వచ్చింది. ద్వారం దగ్గర రిబ్బను కత్తిరించింది. నల్లరాతి మీద బంగారు అక్షరాలతో తన పేరు చూసి ఒక నిమిషం ఆగింది, ఫొటోగ్రాఫర్ మూడు నిమిషాలు ఆపాడు. తర్వాత కందకంలో నడుస్తూ రెండు వైపులా వేళ్ళను దర్శించింది. విద్యాధర్ గారు వెనకే ఆమె చెప్పులు చేతిలో పట్టుకుని నడిచాడు.

"వేళ్ళు శ్వేతవర్ణములో ఉన్నాయి," అంది మేడం.

"శ్వేతవర్ణమే మేడం," అన్నాడు విద్యాధర్ గారు.

"రోగము ఎక్కడ?"

"దర్శనములో కానరాలేదు మేడం."

"మరి విశ్రాంతి స్థితిలో ఉన్న సాళ్ళు అని నివేదికలో ఉంది?"

విద్యాధర్ గారు చుట్టూ చూశాడు. ఖాళీ నేల. "విశ్రాంతి ముగిసినది మేడం."

మేడం మైకు అందుకుంది. ఈ కందకం వల్ల రోగము లేదని తేలినదనీ, కందకం లేకపోతే రోగము లేని సంగతి ఎవరికీ తెలిసేదే కాదనీ, జిల్లాలోని ప్రతి గ్రామంలోనూ ఇటువంటిది తవ్విస్తామనీ ప్రకటించింది. వాడకట్టు చప్పట్లు కొట్టింది. సేట్ అందరికంటే గట్టిగా కొట్టాడు. విత్తన లోపమూ లేదు, తాళమూ లేదు.

బయల్దేరబోతూ మేడం ఒక మాట అంది. "దర్శనము పూర్తయినది కనుక, కట్టను యథాస్థితికి తెచ్చుటకై ద్వారమును, కందకమును పూడ్చివేయండి."

నర్సుబాయి చేతిలో పూలదండ జారింది. ఆకాశంలో మళ్ళీ మబ్బు పడుతోంది.

సేట్ చేతులు కట్టుకుని ముందుకు వచ్చాడు. "పూడుస్తం మేడం. మీరు చెప్పినంక పూడ్చకుంట ఉంటమా? గని ద్వారం పూడుస్తే రాయి కూడ మట్టిలకే పోతది. అది ద్వారంల కట్టిచ్చినం. మీ పేరున్న రాయిని మట్టిల కప్పుడు... మా చేతులతోని ఎట్లయితది మేడం? మీరే ఎవరికన్న చెప్పుండ్రి."

మేడం రాయి వైపు చూసింది. విద్యాధర్ గారు కూడా చూశాడు. రాయి మిగిలిన కాస్త ఎండలో మెరిసింది.

"శాశ్వత ప్రదర్శనగా ఉంచండి," అంది మేడం.

వాన ఆ సాయంత్రమే వచ్చింది, నాలుగు రోజులు కురిసింది. నీళ్ళు శాశ్వత ప్రదర్శన గుండా వచ్చి, మేడం పేరు పక్క నుంచి, ఒర్రెలోకి పోయాయి.

అక్టోబరు మొదట్లో సోయా ఎండి గలగలమంది. నర్సుబాయి కోయించి, కుప్ప వేయించి, వానకు తడవకుండా తాడిపత్రి పట్టా కప్పింది. అదే వారం విద్యాధర్ గారు దిగుబడి అంచనాకు వచ్చాడు. ఇప్పుడాయనకు కొత్త జీపు ఉంది. జిల్లాలో నూట పన్నెండు వేరు దర్శన కందకాలు తవ్వించిన మనిషి. అందులో తొమ్మిది గుట్టల మీద ఉన్నాయి. అక్కడ చేన్లు లేవు గనుక ఎవరికీ రోగం లేదు.

చేనులోకి చూసి ఆయన ఆగిపోయాడు. ముందర కోసిన మొదళ్ళు, మధ్యలో పెద్ద కుప్ప.

"అమ్మా, పంట ఏది?"

"అదే సార్ కుప్ప," అంది నర్సుబాయి.

విద్యాధర్ గారు బాధగా తల ఊపాడు. "భూమిని వీడినది కదమ్మా. నిబంధన పద్నాలుగు."

"మరి కోయకుంట గింజలెట్ల తియ్యాలె సార్?"

"అది సాంకేతిక అంశము."

ఆయన కుప్ప చుట్టూ ఒకసారి తిరిగాడు, రెండు గింజలు నోట్లో వేసుకుని నమిలాడు, బాగున్నాయన్నాడు. తర్వాత పుస్తకం తెరిచి, యెల్టి నర్సుబాయి పేరు ఎదురుగా రాసుకున్నాడు. కుప్ప చూడడానికి వచ్చిన సేట్ ఆయన భుజం మీదుగా చదివాడు.

రోగము: లేదు. పంట: లేదు. కందకము: ఒకటి.

జీపు దుమ్ము లేపుకుంటూ పోయింది. సేట్ కుప్ప మీది తాడిపత్రి తొలగించి, గుప్పెడు కాయలు తీసి చెవి దగ్గర ఊపి చూశాడు. గింజ నిండుగా ఉంది.

"బాయీ, బస్తాలు ఎన్ని తేవాలె?"

నర్సుబాయి కుప్పను ఎగాదిగా చూసింది. "లేని పంట కదా సేట్. జెర ఎక్కువనే తే."